కన్నకొడుకు రక్తం తల్లికి పనికిరాదా?

మెడలో వేలాడే మీ ఐడీ కార్డు ఒకసారి వెనక్కి తిప్పండి. పేరు, ఎంప్లాయీ నంబరు, కార్డు దొరికితే ఎక్కడ అప్పజెప్పాలో అడ్రసు, వాటి కింద బ్లడ్ గ్రూపు. నా కార్డు మీద బీ పాజిటివ్ అని ఉంటుంది. ఏళ్ళ తరబడి ఆ ముక్క మెడలో వేసుకుని తిరుగుతూ, "బీ అంటే ఏంటి, పాజిటివ్ అంటే ఏంటి" అని ఎవరైనా అడిగితే నాలుగు వాక్యాల్లో చెప్పగలనా అని ఎప్పుడూ అనుకోలేదు. చివరికి ఆ ప్రశ్న మా ఊళ్ళో ఎదురైంది. చెప్పలేకపోయాను.

ఊరంటే బుచ్చయ్యపేట. ఇదివరకు విశాఖ జిల్లా, 2022 నుంచి అనకాపల్లి జిల్లా. మా దొడ్డకి విశాఖలో ఒక ఆసుపత్రిలో ఆపరేషన్ అయింది. రెండు యూనిట్ల రక్తం కావాలన్నారు. అందరికంటే ముందు చొక్కా చెయ్యి మడిచి నిలబడింది ఆవిడ ఒక్కగానొక్క కొడుకు, మా అన్నయ్య. టెస్టు చేసి "మీది సరిపోదు, పక్కకి రండి" అన్నారు. ఆవిడది ఓ పాజిటివ్, ఇతనిది బీ పాజిటివ్. రక్తం వేరే చోట దొరికింది, ఆపరేషన్ బాగా జరిగింది, దొడ్డ ఇంటికొచ్చేసింది. అక్కడితో కథ అయిపోవాలి. అవలేదు. ఊళ్ళో ఒక అరుగు మీద ఎవరో నోరు జారారు: "తల్లికే కలవని రగతం, ఎవుడిదో మరి!"

సంక్రాంతికి వెళ్ళినప్పుడు అన్నయ్య నన్ను పెరట్లోకి తీసుకెళ్ళి అడిగాడు.

"ఏట్రా తమ్ముడూ, నువ్వు సదువుకున్నోడివి గదా. కన్నకొడుకు రగతం కన్నతల్లికి పనికిరాదంటే ఏటర్థం?"

నేను జీన్సు, యాంటిజెన్లు అంటూ మొదలెట్టాను. మధ్యలోనే ఆపేశాడు.

"అదంతా సరే. మరి తొమ్మిది నెల్లు కడుపులో పెట్టుకుని మోసింది గదా! అప్పుడు సరిపోయింది, ఇప్పుడెందుకు సరిపోదు? సినిమాల్లో ముగ్గురు కొడుకులు ఒకేసారి ఇచ్చేస్తే సరిపోద్ది, నా ఒక్కడిదే సరిపోదా?"

నా దగ్గర జవాబు లేదు. ఆ రాత్రి కూర్చుని చదవడం మొదలెట్టాను. చదువుతూ పోతే రక్తం గ్రూపుల కథతో పాటు ఇంకో కథ కూడా తగిలింది. రక్తం గురించి మామూలు మనుషులకి సినిమాతో అర్థమయ్యేలా చెప్పాలని వందేళ్ళ కిందటే కొందరు ప్రయత్నించారు. వాళ్ళు పడ్డ ఇబ్బందీ, ఆ పెరట్లో నేను పడ్డ ఇబ్బందీ ఒకటే.

ముందు అన్నయ్య చెప్పిన ఆ సినిమా సంగతి తేల్చేద్దాం. 1977లో మన్‌మోహన్ దేశాయ్ తీసిన 'అమర్ అక్బర్ ఆంటోనీ'. అదే కథ మనకి 1980లో 'రామ్ రాబర్ట్ రహీమ్'గా వచ్చింది. హిందీలో టైటిల్స్ పడేటప్పుడు వచ్చే సీను గుర్తుందా? ముగ్గురు కుర్రాళ్ళు మూడు మంచాల మీద, తల్లి ఇంకో మంచం మీద. ముగ్గురి రక్తం గొట్టాల్లోంచి పైకెక్కి (భూమ్యాకర్షణ ఆ రోజు సెలవు) సీసాలో కలిసి తల్లి ఒంట్లోకి దిగుతుంది. ఆమె తమ తల్లని వాళ్ళకి తెలీదు, మనకి తెలుసు. కళ్ళు చెమరుస్తాయి. ముగ్గురు మతాలకతీతంగా ఒకటే అని చెప్పడానికి అంత బలమైన బొమ్మ ఇంకోటి లేదు. సైన్సుగా మాత్రం అబద్ధం. ముగ్గురివీ ఆమెకి సరిపోయే గ్రూపులే అయి ఉండాలి, అయినా ఎవరూ అలా కలిపి ఎక్కించరు. కాని మన జనానికి రక్తదానం గురించి మనసులో ముద్రపడిన బొమ్మ అదే. "రక్తసంబంధం" అనే మాటని సినిమా అక్షరాలా తీసుకుంది, మనం సినిమాని అక్షరాలా తీసుకున్నాం.

ఇప్పుడు అసలు సైన్సు సినిమాల దగ్గరకొద్దాం.

1903 ఆగస్టు. లండన్‌లో ఆల్‌హాంబ్రా అనే థియేటర్. చార్లెస్ అర్బన్ అనే నిర్మాత, మార్టిన్ డంకన్ అనే జీవశాస్త్రం తెలిసిన కెమెరామన్ కలిసి మైక్రోస్కోపుకి కెమెరా తగిలించి తీసిన చిన్న చిన్న రీళ్ళు 'ది అన్‌సీన్ వరల్డ్' పేరుతో వేశారు. జున్ను మీద పాకే పురుగుల్ని తెర నిండా చూసి జనం అదిరిపోయారు. ఆ వరసలోనే ఇంకో రీలు ఉంది: కప్ప కాలి వేళ్ళ మధ్య పల్చటి చర్మంలో రక్తం పారడం. అప్పటిదాకా ప్రయోగశాలలో ఒక కన్ను మూసి, ఒక కన్ను తెరిచి చూసే దృశ్యాన్ని టిక్కెట్టు కొన్న ఎవరైనా హాల్లో కూర్చుని చూశారు.

తర్వాత ఆరేళ్ళకి పారిస్‌లో జాన్ కొమాండన్ అనే కుర్ర డాక్టరు ఇంకో మెట్టు ఎక్కాడు. ఈయన సిఫిలిస్ మీద పరిశోధన చేస్తున్నాడు. ఆ సూక్ష్మజీవిని గుర్తుపట్టాలంటే అది కదిలే తీరు చూడాలి, ఫోటోలో కదలిక ఉండదు. కెమెరా కోసం పాథే సినిమా కంపెనీ దగ్గరకెళ్ళాడు. వాళ్ళు లాబ్ కూడా ఇచ్చారు. నల్లటి బ్యాక్‌గ్రౌండ్ మీద కణాలు తెల్లగా మెరిసేలా చూపించే అల్ట్రామైక్రోస్కోపుకి కెమెరా బిగించాడు. మైక్రోస్కోపు దీపం వేడికి ప్రాణులు చచ్చిపోకుండా కాపాడుకోవడం దానికదే పెద్ద తలనొప్పి. 1909 అక్టోబరులో ఆ సినిమాలు ఫ్రెంచి సైన్స్ అకాడమీలో చూపించారు. రక్తపు చుక్కలో ఎర్రకణాలు గుంపులుగా తేలుతుంటే, వాటిని తోసుకుంటూ పరాన్నజీవులు మెలికలు తిరగడం తెర మీద కనబడింది. రోగానికి మొదటిసారి నటుడి హోదా వచ్చిందన్నమాట.

ఇక్కడ ఒక తమాషా ఉంది. అర్బన్ కప్ప రక్తం చూపించడానికి రెండేళ్ళ ముందే, 1901లో, రక్తం గ్రూపుల సంగతి వియన్నాలో బయటపడింది. అంటే రక్తాన్ని తెర మీద చూపించే యంత్రమూ, రక్తం గురించిన కొత్త రహస్యమూ దాదాపు ఒకేసారి వచ్చాయి. మరి ఆ యంత్రంతో ఈ రహస్యాన్ని చెప్పొచ్చుగా?

కుదరదు. ఎందుకంటే, బీ గ్రూపు ఎర్రకణమూ, ఓ గ్రూపు ఎర్రకణమూ మైక్రోస్కోపులో అచ్చు ఒకేలా ఉంటాయి. ఎన్ని రెట్లు పెద్దది చేసి చూపించినా అదే బిళ్ళ. రెండు వేర్వేరు మనుషుల రక్తాలు కలిపినప్పుడు కణాలు ముద్దలుగా గడ్డకట్టడం కెమెరా చూపించగలదు. కొన్నిసార్లు కడతాయి, కొన్నిసార్లు కట్టవు. ఎందుకు కట్టాయో, ఎందుకు కట్టలేదో మాత్రం చూపించలేదు. మన భాషలో చెప్పాలంటే కెమెరాకి స్క్రీన్ మీద అవుట్‌పుట్ కనిపిస్తుంది, లాజిక్ కనిపించదు.

ఆ లాజిక్ కనిపెట్టిన పద్ధతి చూస్తే మన టెస్టింగు వాళ్ళు ముచ్చటపడతారు. కార్ల్ లాండ్‌స్టైనర్ రోగుల జోలికి పోలేదు. తనదీ, తన తోటి డాక్టర్లదీ రక్తం తీసుకున్నాడు. ఒక్కొక్కరి రక్తాన్నీ రెండుగా విడదీశాడు: ఎర్రకణాలు ఒక పక్క, పైన తేరుకున్న పసుపుపచ్చటి సీరం ఒక పక్క. ఆరుగురి సీరం అడ్డంగా, ఆరుగురి కణాలు నిలువుగా. ఆరు ఆర్లు ముప్ఫైఆరు గళ్ళు. ప్రతి గడిలోనూ కలిపి చూడ్డం, ముద్దకడితే ప్లస్, లేకపోతే మైనస్. ఎవరి సీరంతో వాళ్ళ కణాలు ముద్దకట్టలేదు. మిగతా గళ్ళలో ప్లస్సులూ మైనస్సులూ కలగాపులగంగా పడలేదు, ఒక వరసలో పడ్డాయి. ఆ వరసని చూసి మనుషులు మూడు రకాలన్నాడు: ఏ, బీ, సీ. ఆ సీ తర్వాత ఓ అయింది. నాలుగోది, ఏబీ, అరుదు కాబట్టి ఆ కొద్దిమందిలో తగల్లేదు. 1902లో ఆయన సహచరులు డికాస్టెలో, స్టుర్లి పట్టుకున్నారు.

మనవాళ్ళకి రెండు బిట్లలో చెప్పేస్తాను. కణం మీద ఏ అనే గుర్తు ఉందా లేదా, బీ అనే గుర్తు ఉందా లేదా. రెండూ లేకపోతే ఓ, ఒకటే ఉంటే ఏ లేదా బీ, రెండూ ఉంటే ఏబీ. నాలుగే కాంబినేషన్లు, నాలుగే గ్రూపులు. ఇక సీరంలో ఉండే యాంటీబాడీలు దీనికి సరిగ్గా తిరగేసి ఉంటాయి: తన కణాల మీద ఏ గుర్తు లేదో దాన్ని పట్టుకునే కాపలావాళ్ళు తన సీరంలో ఉంటారు. కాబట్టి రూలు ఒకటే. ఇచ్చేవాడి కణాల మీద, పుచ్చుకునేవాడికి లేని గుర్తు ఒక్కటి కూడా ఉండకూడదు. ఓ కణాల మీద ఏ గుర్తూ లేదు కాబట్టి అందరికీ ఇవ్వొచ్చు. కాని ఓ వాళ్ళు పుచ్చుకోవాలంటే ఓ ఒక్కటే గతి, ఎందుకంటే వాళ్ళ కాపలావాళ్ళు రెండు గుర్తుల్నీ పట్టేస్తారు.

ఇంత సులువైన విషయం ఆసుపత్రుల్లోకి రావడానికి ఏళ్ళు పట్టింది. 1907లో న్యూయార్క్‌లో ఆటెన్‌బర్గ్ అనే డాక్టరు రక్తం ఎక్కించేముందు కలిపి చూసే పద్ధతి మొదలెట్టాడు. అదే ఏడాది యాన్‌స్కీ అనే చెక్ డాక్టరు గ్రూపులకి ఒకటి నుంచి నాలుగు దాకా నంబర్లిచ్చాడు. 1910లో అమెరికాలో మాస్ అనే ఆయన, యాన్‌స్కీ సంగతి తెలీక, తనూ నంబర్లిచ్చాడు. ఇద్దరి లెక్కలోనూ రెండు, మూడు ఒకటే. ఒకటి, నాలుగు మాత్రం తారుమారు! యాన్‌స్కీకి ఓ అంటే ఒకటో నంబరు, మాస్‌కి ఓ అంటే నాలుగో నంబరు. ఒకే ఫీల్డుకి రెండు కోడింగులు, రెండూ ప్రొడక్షన్‌లో. మనకైతే రాత్రి రెండింటికి ఫోనొస్తుంది. అక్కడ రోగి ప్రాణం పోతుంది. 1928లో నానాజాతి సమితి నిపుణులు ఏ, బీ, ఏబీ, ఓ అక్షరాలే వాడమని తేల్చారు. తేల్చినా నంబర్లు పోవడానికి మరికొన్నేళ్ళు పట్టింది. లెగసీ సిస్టమ్ సంగతి మీకు చెప్పాలా.

ఇప్పుడు కథ మళ్ళీ సినిమాలోకి వస్తుంది, వియన్నా నుంచే వస్తుంది. లాండ్‌స్టైనర్ పనిచేసిన వియన్నాలోనే ఒట్టో న్యూరాత్ అనే తత్త్వవేత్త ఉండేవాడు. చదువులేని కూలీలకి కూడా దేశంలో ఎంతమంది పుడుతున్నారు, ఎంతమంది క్షయతో పోతున్నారు, ఇళ్ళెన్ని లాంటి లెక్కలు అర్థంకావాలని ఆయన పట్టుదల. 1925లో దానికోసం ఏకంగా ఒక మ్యూజియం పెట్టాడు. ఆయన పద్ధతికి తర్వాత ఐసోటైప్ అని పేరొచ్చింది. రూళ్ళు రెండు మూడే. ఒక వస్తువుకి ఎప్పుడూ ఒకే బొమ్మ. ఎక్కువ ఉందని చెప్పాలంటే బొమ్మ పెద్దది చెయ్యకు, అదే బొమ్మని మళ్ళీ మళ్ళీ గియ్యి. అవసరం లేని గీత ఒక్కటి కూడా వద్దు. నిపుణుడు చెప్పిందాన్ని విని, అందులో జనానికి కావల్సింది ఏరి, దాన్ని బొమ్మగా ఎలా పేర్చాలో నిర్ణయించే మనిషిని వాళ్ళు ట్రాన్స్‌ఫార్మర్ అనేవాళ్ళు. ఆ పని ముఖ్యంగా చేసింది మరీ అనే ఆవిడ, తర్వాత మరీ న్యూరాత్. మన లెక్కలో బిజినెస్ అనలిస్టు. (మన అనలిస్టులు అంత శ్రద్ధగా ఉంటే మనకిన్ని రీవర్కులెందుకు!)

మన ఎన్నికల్లో 1951-52 నుంచి గుర్తులుండటం తల్చుకోండి. కాగితం మీద అభ్యర్థి పేరు చదవలేని ముసలమ్మ కూడా గుర్తు చూసి ఓటేసి వచ్చేది. ఆలోచన ఇంచుమించు అదే: చదువు రానివాడు తెలివిలేనివాడు కాదు, వాడికి అందేలా చెప్పడం మన పని.

రాజకీయాలు మారి 1934లో న్యూరాత్ వియన్నా వదిలి హాలండ్‌లో హేగ్‌కి వెళ్ళాడు. చిత్రమేంటంటే లాండ్‌స్టైనర్ కూడా మొదటి యుద్ధం తర్వాతి దరిద్రం తట్టుకోలేక 1919లో వెళ్ళింది ఆ హేగ్‌కే. అక్కణ్ణుంచి అమెరికా వెళ్ళి 1930లో నోబెల్ అందుకున్నాడు. 1940 మేలో జర్మన్ సైన్యం హాలండ్‌లోకి దిగినప్పుడు న్యూరాత్, మరీ ఒక చిన్న పడవలో ఇంగ్లండ్ పారిపోయారు. అక్కడ శత్రుదేశపు మనుషులని నిర్బంధంలో పెట్టారు. 1941 మొదట్లో వదిలిపెట్టారు.

బయటికొచ్చాక వాళ్ళకి పాల్ రోథా తగిలాడు. బ్రిటన్‌లో పేరున్న డాక్యుమెంటరీ నిర్మాత. లండన్ మీద జర్మన్ బాంబులు పడుతున్న కాలం. యుద్ధం మొదలవగానే 1939లోనే లండన్ చుట్టూ నాలుగు రక్తపు డిపోలు పెట్టారు. రక్తం పట్టడానికి పాలసీసా ఆకారంలో సీసాలు, చల్లగా తీసుకెళ్ళడానికి ఐస్‌క్రీం బళ్ళు. అన్నీ ఉన్నాయి, ఇచ్చేవాళ్ళు కావాలి. భయపడే జనానికి "మీ ఒంట్లోంచి తీసేది ఏంటి, అది ఎవరికి వెళ్తుంది, ఎందుకు ముందు పరీక్ష చేస్తాం" అని చెప్పాలి. సమాచార శాఖ కోసం రోథా సంస్థ 1941-42 ప్రాంతంలో 'బ్లడ్ ట్రాన్స్‌ఫ్యూజన్' అనే సినిమా తీసింది. దర్శకుడు హాన్స్ నీటర్. అందులో కదిలే రేఖాచిత్రాలు ఐసోటైప్ వాళ్ళవి. నిన్నటిదాకా శత్రువని తాళం వేసిన మనిషి బొమ్మలే, లండన్ జనానికి ఒకరి రక్తం ఒకరికి ఎలా సరిపోతుందో చెప్పాయి.

కొమాండన్ చెయ్యలేనిది ఇక్కడ జరిగింది. రేఖాచిత్రానికి నిజం కణంలా కనబడాల్సిన పనిలేదు. కంటికి కనబడని గుర్తుని కనబడేలా గీయొచ్చు. ఏది ఎక్కడ అతుక్కుంటుందో, ఏది అతుక్కోదో కదిలించి చూపించొచ్చు. కెమెరా నిజాన్ని చూపిస్తే, బొమ్మ కారణాన్ని చూపించింది.

ఇదంతా దూరదేశపు గొడవలే అనుకోకండి. 1942 ఏప్రిల్ 6న జపాను విమానాలు విశాఖ మీద, కాకినాడ మీద బాంబులు వేశాయి. పట్నం జనం మూటాముల్లే సర్దుకుని లోపలి ఊళ్ళకి పరిగెత్తారు. మా వైపు ముసలాళ్ళు బాంబుల ఏడు అని చెప్పుకునేవాళ్ళు. దేశంలో మొదటి రక్తనిధి కలకత్తాలో మొదలైంది కూడా ఆ రోజుల్లోనే. అంటే అవసరం అక్కడా ఇక్కడా ఒకేసారి వచ్చింది. వివరించే బొమ్మ మాత్రం మన ఊరిదాకా రాలేదు. స్వాతంత్ర్యం వచ్చాక 1948లో ఫిల్మ్స్ డివిజన్ పెట్టారు, సినిమాకి ముందు వాళ్ళ రీలు వెయ్యాలని చట్టం కూడా చేశారు. డిస్నీ నుంచి వచ్చిన క్లెయిర్ వీక్స్ సాయంతో 1956లో అక్కడ కార్టూన్ల విభాగం కూడా మొదలైంది. అయినా మనం చేసిందేంటి? ఆ రీలు ఆడేంతసేపూ బయట బఠాణీలు కొనుక్కున్నాం. 2022లో ఆ సంస్థని ఎన్‌ఎఫ్‌డీసీలో కలిపేశారు.

సరే, బొమ్మ గొప్పతనం చెప్పాను కాబట్టి దాని లోపం కూడా చెప్పాలి. బొమ్మ అంటే మోడల్. మోడల్ ఎక్కడో ఒకచోట కారుతుంది.

మొదటి చిల్లు ఆ సినిమా తీసే నాటికే పడింది. 1939లో లెవిన్, స్టెట్సన్ అనే ఇద్దరు అమెరికా డాక్టర్లు ఒక తల్లి కేసు రాశారు. కడుపులో బిడ్డ పోయింది. ఆమెకి భర్త రక్తం ఎక్కించారు. ఇద్దరిదీ ఓ గ్రూపే. అయినా ఆమె ఒళ్ళు ఎదురుతిరిగింది. రెండు బిట్ల లెక్కలో ఇది జరక్కూడదు. అంటే మూడో బిట్ ఉంది. 1940లో లాండ్‌స్టైనరే, వీనర్ అనే ఆయనతో కలిసి, ఆర్‌హెచ్ అనే గుర్తు గురించి ప్రకటించాడు. మన కార్డు మీద పాజిటివ్, నెగటివ్ అనేది అదే. మన దేశంలో నెగటివ్ వాళ్ళు నూటికి ఐదుగురు, కాస్త అటూ ఇటూ. ఈ గుర్తు తిక్కేంటంటే దీని కాపలావాళ్ళు పుట్టుకతో ఉండరు. ఒకసారి పరాయి రక్తం తగిలాకే తయారవుతారు. అందుకే నెగటివ్ తల్లికి పాజిటివ్ బిడ్డ అయితే మొదటి కాన్పు సాధారణంగా గండం గడిచిపోతుంది, తర్వాతి కాన్పులో ప్రమాదం. 1968 నుంచి దానికి యాంటీ-డీ ఇంజెక్షన్ ఉంది. ఎవరైనా నెగటివ్ గ్రూపు ఆడపిల్ల పెళ్ళయి కడుపుతో ఉంటే ఈ సంగతి డాక్టరుతో తప్పకుండా మాట్లాడమనండి.

రెండో చిల్లు మన దేశంలోనే పడింది. 1952లో బొంబాయిలో డాక్టర్ భెండే, ఆయన సహచరులు కొందరు రోగుల్ని చూశారు. పరీక్ష చేస్తే ఏ గుర్తూ లేదు, బీ గుర్తూ లేదు. అంటే ఓ. కాని ఓ రక్తం కలిపితే ముద్దకడుతోంది! ఓ అంటే "ఏమీ లేదు" అని గదా అనుకున్నాం. నిజానికి ఓ కణాల మీద హెచ్ అనే పునాది గుర్తు ఉంటుంది. ఏ, బీ గుర్తులు దాని మీదే కడతారు. వీళ్ళకి ఆ పునాదే లేదు. దాన్నే బాంబే గ్రూపు అంటారు. మన దేశంలో సుమారు పదివేలమందిలో ఒకరు. జీరో వేరు, నల్ వేరు అని కొత్తగా చేరిన కుర్రాళ్ళకి మనం చెబుతాం చూడండి, ప్రకృతి కూడా అదే చెప్పింది. ఇవాళ గుర్తించిన రక్తపు గ్రూపు వ్యవస్థలు నలభైకి పైగా ఉన్నాయి. అందుకే కార్డు మీద గ్రూపు ఉన్నా ఆసుపత్రి వాళ్ళు మళ్ళీ కలిపి చూశాకే ఎక్కిస్తారు. విసుక్కోకండి.

మూడో చిల్లు ఇంకా పెద్దది, అది బుర్రల్లో పడింది. మొదటి ప్రపంచయుద్ధంలో సలోనికా దగ్గర హిర్ష్‌ఫెల్డ్ దంపతులు రకరకాల దేశాల సైనికుల రక్తం పరీక్షించి 1919లో లెక్కలు వేశారు. ఇంగ్లీషువాళ్ళలో బీ గ్రూపు నూటికి 7గురు, మన హిందూదేశపు సైనికుల్లో నూటికి 41. ఆసక్తికరమైన లెక్కే. దాన్ని పట్టుకుని కొందరు జాతుల హెచ్చుతగ్గుల సిద్ధాంతాలు అల్లారు. కాని అదే లెక్కని ఇంకోలా చదవొచ్చు: అన్ని దేశాల్లోనూ ఉన్నది ఆ నాలుగు గ్రూపులే. పక్కింటివాడితో కలవని రక్తం ఎక్కడో మాసిడోనియా రైతుతో కలుస్తుంది. గ్రూపు మనిషి పుట్టుకకి సర్టిఫికెట్ కాదు. మా ఊరి అరుగు మీద జరిగిన తప్పూ ఇదే. కాకపోతే చిన్న సైజులో.

మన దగ్గర ఇచ్చేవాళ్ళని పోగుచెయ్యడంలో సినిమా చేసిన మేలు మర్చిపోకూడదు. సుప్రీంకోర్టు 1996లో ఇచ్చిన తీర్పు వల్ల డబ్బుకి రక్తం అమ్ముకోవడం 1998 జనవరి నుంచి ఆగిపోయింది. మంచి తీర్పు, కాని ఆ ఖాళీ ఎవరో నింపాలి. అదే ఏడాది అక్టోబరులో చిరంజీవి బ్లడ్ బ్యాంకు మొదలైంది. హీరో పుట్టినరోజుకి కటౌట్లకి పాలు పొయ్యడం తెలిసిన అభిమానులు వరసలో నిలబడి రక్తం ఇవ్వడం నేర్చుకున్నారు. లండన్‌లో రోథా డాక్యుమెంటరీతో ఏం సాధించాలనుకున్నాడో, ఇక్కడ ఒక హీరో పేరు అందులో సగం సాధించింది. చెయ్యి చాపించింది. ఎందుకు, ఎలా అని చెప్పే మిగతా సగం ఇంకా బాకీ ఉంది. ఆ బాకీ వల్లే మా అన్నయ్య అరుగు మీద కూర్చోవడం మానేశాడు.

ఉగాదికి మళ్ళీ ఊరెళ్ళాను. ఈసారి జీన్సు గీన్సు అనలేదు. పాత క్యాలెండరు వెనక గుండ్రాలు గీశాను. కొన్ని గుండ్రాల మీద త్రికోణం, కొన్నిటి మీద చతురస్రం, కొన్నిటి మీద రెండూ, కొన్నిటి మీద ఏమీ లేదు. ఒక రూలు రాశాను: తనకి లేని గుర్తు కనిపిస్తే కాపలావాడు పట్టుకుంటాడు.

"దొడ్డ గుండ్రం చూడు, ఏ గుర్తూ లేదు. మరి నీ మీద చతురస్రం ఎక్కణ్ణుంచొచ్చింది?"

అన్నయ్య చాలాసేపు చూశాడు. లోపలికెళ్ళి ట్రంకుపెట్టె తీశాడు. పెదనాన్న పోయి పదేళ్ళు దాటింది. ఆయన చివరి రోజుల ఆసుపత్రి కాగితాలు దొడ్డ ఇంకా దాచుకుంది. అందులో ఒక చీటీ మీద బీ పాజిటివ్ అని ఉంది.

"అయితే ఇది నాన్నదా" అన్నాడు.

"నాన్నదే. అమ్మకి ఇవ్వకుండా అడ్డుపడిన గుర్తు మీ నాన్న నీకిచ్చిందే."

(నిజం చెప్పాలంటే, గ్రూపులు కలవడం అనేది దేనికీ రుజువు కాదు. ఓ తల్లికి బీ బిడ్డ పుట్టడంలో వింతేమీ లేదని మాత్రమే తేలుతుంది. ఆ క్షణంలో ఆ ఫుట్‌నోట్ చదవాలనిపించలేదు. తర్వాత చెప్పాను.)

తొమ్మిది నెలల ప్రశ్నకి కూడా జవాబు పట్టుకెళ్ళాను. కడుపులో ఉన్నప్పుడు తల్లి రక్తం బిడ్డలోకి పారదు. మావి దగ్గర రెండు రక్తాలూ పక్కపక్కనే పారతాయి, మధ్యలో పల్చటి పొర ఉంటుంది. గాలి, తిండి దాటతాయి, రక్తం మామూలుగా దాటదు. ఏ, బీ గుర్తుల్ని పట్టుకునే కాపలావాళ్ళలో ఎక్కువమంది ఆ పొరలో దూరలేనంత పెద్దవాళ్ళు. "అంటే అమ్మ తన రగతం నాకు ఇవ్వనే లేదా?" అన్నాడు. "ఇవ్వలేదు. తన తిండీ, తన ఊపిరీ ఇచ్చి, నీ రక్తం నువ్వే తయారు చేసుకునేలా చేసింది" అన్నాను. వంటింట్లోంచి వింటున్న దొడ్డ "అదే గావాల" అంది.

మొన్న ఫోన్ చేసినప్పుడు అన్నయ్య చెప్పాడు, చోడవరంలో క్యాంపు పెడితే వెళ్ళి రక్తం ఇచ్చొచ్చాడట. అమ్మకి పనికిరానిది ఎవరి అమ్మకో పనికొస్తుంది గదా అన్నాడు. అరుగు మీద నా బొమ్మ గీసి అందరికీ చెబుతున్నాడట కూడా. కాకపోతే త్రికోణం, చతురస్రం ఎవరికీ గుర్తుండటం లేదని తీసేసి, తాటాకు గుర్తు, చెరుగ్గడ గుర్తు పెట్టాడట. ఏబీ వాళ్ళకి రెండూ, ఓ వాళ్ళకి ఉత్త చేతులు. నాకంటే వాడే మంచి ట్రాన్స్‌ఫార్మర్.